రచయితగా ఎదిగి దర్శకుడైన హంగేరీ సినీకారుడు పేటర్ బాచో ప్రస్థానం ఎలాంటిది?

మీ ప్రశ్న సారాంశం ఇది: పదేళ్ళకు పైగా ఇతర దర్శకులకు కథలూ సంభాషణలూ రాసి, ముప్పై అయిదేళ్ళ వయసులో దర్శకుడై, ఆ తరువాత దాదాపు నలభై అయిదేళ్ళపాటు సినిమాలు తీస్తూనే వచ్చిన పేటర్ బాచోను లోకం ఒక్క 'సాక్షి' చిత్రంతోనే ఎందుకు గుర్తుపెట్టుకుంది, తక్కిన పనంతా ఏమైపోయింది అని. నాకు తోచిన సమాధానం ముందే చెప్పేస్తాను. దర్శకుడి కుర్చీలో కూర్చున్నా ఆయన చివరిదాకా రచయితగానే మిగిలారు. 'సాక్షి' అంత పదునుగా రావడానికి కారణం అదే, ఆయన తీసిన ఇతర చిత్రాల్లో చాలావాటిని హంగేరీ బయట పెద్దగా ఎవరూ పట్టించుకోకపోవడానికీ కారణం అదే.

నేను సినీ విమర్శకుణ్ణి కాను. కొంతకాలం తెలుగు టీవీ ధారావాహికలకు సంభాషణలు రాశాను. ఆ తరువాత మా ఆవిడ ఉద్యోగరీత్యా కొన్నేళ్ళు బుడాపెస్టులో ఉండి, అక్కడే ఒక చిన్న సంస్థలో పనిచేశాను. హంగేరీ సినిమా అంటే అప్పటిదాకా ఫిల్మ్ సొసైటీల పుణ్యమా అని మిక్లోష్ యాంచో, ఇష్త్వాన్ సాబో పేర్లే నాకు తెలుసు. బాచో పేరు మాత్రం అక్కడికి వెళ్ళాకే విన్నాను, అదీ ఏ సినిమా పుస్తకంలోనో చూసి కాదు, తోటి ఉద్యోగుల మాటల్లో. ఆ సంగతికి తరువాత వస్తాను.

బాచో 1928లో కష్ష పట్టణంలో పుట్టారు. ఇప్పుడది కోషిత్సె పేరుతో స్లొవేకియాలో ఉంది. తల్లి బొరిష్ పాలొతాయి పేరున్న రచయిత్రి, అంటే కాగితం, కలం ఇంట్లోనే ఉన్నాయన్న మాట. మొదట నటుడు కావాలనీ, తరువాత నాటక దర్శకుడు కావాలనీ అనుకున్న ఆ కుర్రవాడు పందొమ్మిదేళ్ళ వయసులో గేజా రద్వాన్యి తీసిన 'ఐరోపాలో ఎక్కడో' అనే చిత్రానికి సహాయకుడిగా చేరాడు. యుద్ధంలో దిక్కులేనివాళ్ళైన పిల్లల గుంపు కథ అది, 1947 నాటిది. 1950లో నాటక, సినిమా కళాశాల నుంచి పట్టా పుచ్చుకుని బయటికి వచ్చేసరికి దేశంలో సినిమా పరిశ్రమ మొత్తం ప్రభుత్వపరమై ఉంది. స్టాలిన్ బాటలో నడిచిన కమ్యూనిస్టు నాయకుడు మాత్యాష్ రాకోషి ఏలుబడి నడుస్తోంది. ఆ రోజుల్లో స్టూడియోలో స్క్రిప్టు విభాగం చిన్న వ్యవహారం కాదు. కథ రాసేవాడు ఒకడైతే, దాన్ని అటూ ఇటూ సర్ది, పైవాళ్ళకు అభ్యంతరం రాకుండా దిద్ది, మళ్ళీ రాయించి, చివరికి ఆమోదముద్ర వేయించే పని ఇంకొకరిది. బాచో ఆ రెండు పనులూ చేశారు. ఈ పదేళ్ళ చాకిరీని ఆయన జీవితచరిత్రలు సాధారణంగా ఒక్క వాక్యంలో దాటేస్తాయి కానీ, నా దృష్టిలో ఆయన అసలు చదువు అక్కడే జరిగింది.

ఇతరుల కోసం రాసినవాటిలో రెండింటిని తప్పక చెప్పుకోవాలి, రెండూ జొల్తాన్ ఫాబ్రి దర్శకత్వంలో వచ్చినవే. మొదటిది 1958 నాటి 'అన్నా ఎదెష్'. కొస్తొలాన్యి రాసిన ప్రసిద్ధ నవలకు ఫాబ్రితో కలిసి బాచో స్క్రీన్‌ప్లే రాశారు. ఒక మధ్యతరగతి ఇంట్లో నోరెత్తకుండా పనిచేసే పనిమనిషి ఒక రాత్రి యజమానులిద్దరినీ చంపేస్తుంది. ఎందుకు చంపిందో ఆమె చెప్పలేదు, సినిమా కూడా వకాల్తా పుచ్చుకుని చెప్పదు. పనిమనిషిగా నటించిన మారి తొరొచిక్ ముఖం మీదే కథ నడుస్తుంది. రెండవది 1961లో వచ్చిన 'నరకంలో రెండు సగాలు'. 1944లో యుద్ధరంగంలో వెట్టిచాకిరీ చేస్తున్న హంగేరియన్ బందీలకూ జర్మన్ సైనికులకూ హిట్లర్ పుట్టినరోజు సందర్భంగా ఫుట్‌బాల్ పోటీ పెడతారు. ఆడితే తిండి దొరుకుతుంది. మరి గెలిస్తే ఏం జరుగుతుంది? ఈ ఒక్క ప్రశ్న మీద మొత్తం కథను నిలబెట్టడం రచయిత చేసిన పని. ఇరవై ఏళ్ళ తరువాత జాన్ హ్యూస్టన్ దాదాపు ఇదే ఇతివృత్తంతో పెలే, స్టాలోన్, మైకేల్ కెయిన్‌లను పెట్టి 'విక్టరీ' తీశారు. తమాషా ఏమిటంటే దాన్ని చిత్రీకరించింది కూడా బుడాపెస్టులోనే. రెండూ చూసినవారికి తేడా చెప్పనక్కరలేదు: హాలీవుడ్ సినిమాలో ఆట విముక్తికి దారి, బాచో రాసినదానిలో ఆట ఉచ్చు.

1963లో 'వేసవిలో సులువే' అనే చిత్రంతో ఆయన సొంతంగా దర్శకత్వం మొదలుపెట్టారు. ఆ దశకంలో తీసిన తొలి సినిమాల్లో యువతరం, ప్రేమలు, సైకిళ్ళు, వేసవి సెలవులు ఎక్కువ. వాటిలో 'కొండ మీద వేసవి' ఒక్కటే నన్ను ఆపింది. సరదాగా గడపడానికి వెళ్ళిన చోటు ఒకప్పటి నిర్బంధ శిబిరమని తెలిసినప్పుడు, నవ్వుతూ మొదలైన సినిమా స్వరం మారిపోతుంది. గత కాలపు నేరాలను హాస్యంలో కలిపి చెప్పవచ్చునన్న ఆలోచన ఆయనకు అక్కడ తట్టి ఉంటుందని నా ఊహ.

ఇక 'సాక్షి'. 1969లో తీశారు, మన బాపు గారి 'సాక్షి' వచ్చిన రెండేళ్ళకు. (పేరు తప్ప ఆ రెండింటికీ ఏ పోలికా లేదు, వెతకకండి.) కథాకాలం రాకోషి హయాం. డాన్యూబ్ కరకట్టకు కాపలా ఉండే యోజెఫ్ పెలికాన్ పిల్లల తండ్రి, యుద్ధకాలంలో రహస్యోద్యమంలో పనిచేసిన నిఖార్సైన కమ్యూనిస్టు. ఇంట్లో తినడానికి లేక, చట్టం ఒప్పుకోకపోయినా దొంగతనంగా పందిని కోస్తాడు. దాని అరుపులు బయటికి వినబడకుండా పిల్లలు గొంతెత్తి పాడుతుంటారు. అదే సమయానికి పాత ఉద్యమ మిత్రుడు, ఇప్పుడు మంత్రి అయిన జొల్తాన్ దానియెల్ చూడటానికి వస్తాడు. వెనకే పోలీసులు సోదాకు వస్తే, నా మిత్రుడి ఇంట్లో దాచుకోవలసింది ఏముంటుంది, కావాలంటే నేలమాళిగలో కూడా చూసుకోండి అని పూర్తి ధీమాతో చెప్పేది ఆ మంత్రిగారే. నేలమాళిగలో మాంసం దొరుకుతుంది. ఒక మంచిమనిషి నమ్మకమే ఇంకో మంచిమనిషిని జైలుకు పంపడం అనే ఈ మలుపులో సినిమా మొత్తం ఇమిడి ఉంది. స్క్రీన్‌ప్లే నేర్చుకునేవారికి పాఠంగా చూపించదగిన సన్నివేశమిది.

అక్కడి నుంచి విరాగ్ అనే రహస్య పోలీసు అధికారి పెలికాన్‌ను చేరదీస్తాడు. జైలు నుంచి తెచ్చి ఈతకొలనుకు మేనేజరును చేస్తాడు. ఒక ఉన్నతాధికారి ఒక్కడే దర్జాగా ఈదుతుంటే, బయట వేచి ఉన్న జనాన్ని పెలికాన్ లోపలికి వదిలేస్తాడు. మళ్ళీ జైలు. తరువాత వినోద ఉద్యానానికి అధిపతి; అక్కడ 'సోషలిస్టు భూతాల బండి' ప్రారంభోత్సవం నాడు ఆ అధికారే చీకట్లో దడుచుకుంటాడు. మళ్ళీ జైలు. ఆ పైన నారింజ పరిశోధన సంస్థ. హంగేరీ చలిదేశం, అక్కడ నారింజ పండదు. అయినా ఒకటి పండుతుంది. దాన్ని పెద్దలకు సమర్పించే రోజున పెలికాన్ కొడుకు తినేస్తాడు. వేరే దారి లేక పళ్ళెంలో నిమ్మకాయ పెడతారు. ముఖ్య అతిథి కొరికి మొహం చిట్లించి ఇదేమిటని అడిగితే, ఇది కొత్త హంగేరియన్ నారింజ, కొంచెం పసుపు, కొంచెం పులుపు, అయినా మనది అని పెలికాన్ జవాబిస్తాడు. పెలికాన్ వేషం వేసిన ఫెరెంత్స్ కాల్లై ఆ మాటను హాస్యంగా పలకడు, బితుకుబితుకుమంటూ, నిజంగానే నమ్మబోతున్నవాడిలా పలుకుతాడు. ఆ సన్నివేశం నిలవడానికి సగం కారణం ఆ పలికిన తీరే. రాకోషి కాలంలో హంగేరీ నేలలో పత్తి పండించాలని నిజంగానే ఉత్తర్వులు వెళ్ళాయి కనుక ఈ నారింజ గాలిలోంచి పుట్టింది కాదు.

ఈ ఉద్యోగాలన్నీ ఎందుకిస్తున్నారో చివరికి తెలుస్తుంది. మంత్రి దానియెల్ మీద గూఢచర్యం కేసు పెట్టారు, పెలికాన్ అతనికి వ్యతిరేకంగా సాక్ష్యం చెప్పాలి. 1949 సెప్టెంబరులో లాస్లో రాయ్క్ మీద జరిగిన విచారణ ఇక్కడ స్పష్టంగా కనబడుతుంది. ఆయన హోంమంత్రిగా, తరువాత విదేశాంగమంత్రిగా పనిచేసిన కమ్యూనిస్టు నాయకుడు. కట్టుకథ ఆరోపణలను చిత్రహింసల తరువాత కోర్టులో ఒప్పుకున్నాడు. అక్టోబరు 15న ఉరితీశారు. 1956 అక్టోబరులో ఆయన నిర్దోషి అని చెప్పి ప్రభుత్వ లాంఛనాలతో మళ్ళీ ఖననం చేశారు.

సినిమాలో నేను పదేపదే వెనక్కి తిప్పి చూసిన చోటు ఒకటుంది. కోర్టులో ఏం చెప్పాలో కంఠతా పట్టమని విరాగ్ కాగితాలు అందిస్తాడు. పెలికాన్ అమాయకంగా చదువుతూ చదువుతూ ఆగి, ఇది నా సాక్ష్యం కాదు, తీర్పు అంటాడు. విచారణ ఇంకా మొదలే కాలేదు. విరాగ్ ఏమాత్రం తొణకడు. కాగితాలు మారిపోయాయి, అంతే. లాయోష్ ఓజె ఆ పాత్రలో ఎక్కడా గొంతు పెంచడు, గుమాస్తా ఫైలు సరిచేసుకున్నంత మామూలుగా ప్రవర్తిస్తాడు. ధారావాహికలకు రాసే రోజుల్లో ఒక ఛానెల్ నుంచి నా ఎపిసోడ్లు ఎర్రగీతలతో తిరిగివచ్చేవి. ఒకసారి మార్పులతో పాటు ముగింపు కూడా వాళ్ళే టైపు చేసి పంపారు. ఆ ముగింపుకు తగినట్టు నేను ముందు సన్నివేశాలు రాసుకోవాలి. దానికీ ఉరిశిక్షకూ పోలిక పెట్టడం లేదు, అది తప్పు కూడా. నేను చెప్పదలచుకున్నది ఇంతే: ముగింపు ముందే నిర్ణయమై, మాటలు తరువాత రాయించుకోవడమన్న పద్ధతిని ఈ సన్నివేశం ఎంత కచ్చితంగా పట్టుకుందో, స్క్రిప్టు బల్ల దగ్గర ఏళ్ళ తరబడి కూర్చున్న మనిషికే అలా పట్టుకోవడం సాధ్యం. విరాగ్ ఒక విచారణకు రచయితా దర్శకుడూ. పెలికాన్ అతని సంభాషణ పలకలేని నటుడు. నిర్దోషి అయిన ముద్దాయి దానియెల్ పాత్రలో బాచో ఎవరిని కూర్చోబెట్టారో తెలుసా? జొల్తాన్ ఫాబ్రిని, అంటే తాను ఒకప్పుడు స్క్రిప్టులు రాసిపెట్టిన దర్శకుణ్ణే.

కోర్టులో పెలికాన్ ఆ సాక్ష్యం చెప్పలేకపోతాడు. అతనికే శిక్ష పడుతుంది. కాలం మారడంతో బతికి బయటపడతాడు, తరువాత ఒకరోజు ట్రాములో విరాగ్ ఎదురవుతాడు. అంతే, పగ తీర్చుకోవడాలూ ఉపన్యాసాలూ లేవు.

ఈ సినిమాకు డబ్బు పెట్టింది ప్రభుత్వ స్టూడియోయే, ఆపేసిందీ ప్రభుత్వమే. దీన్ని అర్థం చేసుకోవాలంటే 1956 తరువాత దేశాన్ని ఏలిన యానోష్ కాదార్ పాలన తీరు కొంచెం తెలియాలి. 1968 జనవరిలో ఆర్థిక సంస్కరణలు మొదలయ్యాయి, కళల మీద పట్టు కూడా కాస్త సడలినట్టు అనిపించింది. అదే ఏడాది ఆగస్టులో చెకొస్లొవేకియా మీదికి వెళ్ళిన వార్సా ఒప్పందపు (సోవియట్ కూటమి) సేనల్లో హంగేరీ సైన్యమూ ఉంది. సాంస్కృతిక రంగాన్ని నడిపించిన ఆత్సేల్ కాలంలో కళాకృతులను ప్రోత్సహించదగినవి, సహించదగినవి, నిషేధించదగినవి అని మూడు గుంపులుగా చూసేవారు. రాకోషిని విమర్శించడం కాదార్ కాలంలో నేరం కాదు, ఒక హద్దు వరకు ప్రోత్సాహం కూడా ఉండేది. కానీ కన్నీళ్ళు పెట్టించే విమర్శ వేరు, పగలబడి నవ్వించే విమర్శ వేరు. నవ్వడం మొదలుపెట్టిన ప్రేక్షకుడు రాకోషి ప్రధాని పదవి పోయిన 1953 దగ్గర ఆగుతాడన్న హామీ ఏముంది? 'సాక్షి' పదేళ్ళు పెట్టెలో ఉండిపోయింది. 1979లో విడుదలై, 1981లో కాన్ (కేన్స్) చలనచిత్రోత్సవంలో ఒక విభాగంలో ప్రదర్శితమయ్యాక బయటి ప్రపంచానికి తెలిసింది.

ఇప్పుడు నా ఆఫీసు సంగతి. నెలాఖరు సమావేశంలో అనుకున్నదానికంటే తక్కువ ఫలితాలున్న పట్టికను తెరమీద పెట్టి, మా బృందనాయకురాలు నిట్టూర్చి హంగేరియన్‌లో ఏదో అంది. గదిలో ఉన్న వాళ్ళంతా ఘొల్లుమన్నారు, నాకొక్కడికే అర్థం కాలేదు. కొంచెం పసుపు, కొంచెం పులుపు, అయినా మనది అని పక్కనున్న కుర్రాడు అనువదించి చెప్పాడు. ఆ కుర్రాడు పుట్టేనాటికి ఆ వ్యవస్థే కూలిపోయింది. మనవాళ్ళు 'మాయాబజార్' మాటలను పెళ్ళిభోజనాల్లో వాడినట్టే వాళ్ళు దీన్ని వాడుతున్నారు. జీవితమంటే క్రీము కేకు కాదు అని విరాగ్ అనే మాట కూడా అంతే, ఎవరైనా సెలవు అడిగి దొరకనప్పుడు వినబడేది. 1989లో మొదలైన ఒక వారపత్రిక ఈ సినిమాలోంచే 'హంగేరియన్ నారింజ' అని పేరు పెట్టుకుంది, ఇప్పటికీ వస్తోంది. ఆ తరువాత ఒక చిన్న హాల్లో ఈ సినిమా వేస్తే తోటి ఉద్యోగులతో కలిసి వెళ్ళాను. నటుల కంటే అర క్షణం ముందే ప్రేక్షకులు సంభాషణలు పలుకుతున్నారు. సబ్‌టైటిళ్ళు చదువుకుంటున్న నేను ప్రతి నవ్వుకూ వెనకబడ్డాను.

మొదట్లో అన్న మాటకు ఆధారం ఇక్కడే ఉంది. బాచో బలమంతా మాటలోనూ, ఇరకాటంలో పడిన మనిషి చుట్టూ సన్నివేశాన్ని బిగించడంలోనూ ఉంది. యాంచో సినిమాలో సుదీర్ఘమైన ఒక్క షాటు చూసి భాష రాని విదేశీయుడు కూడా చూపు తిప్పుకోలేడు. బాచో కెమెరా మాత్రం చాలాచోట్ల కేవలం హాజరు వేయించుకుంటుంది. ఆ కారణంగా ఆయన సినిమాలు దేశంలో ఊతపదాలై బతికాయి, సరిహద్దు దాటేసరికి సగం బరువు కోల్పోయాయి.

'సాక్షి' ఆగిపోయిన కాలంలో ఆయన చేతులు కట్టుకుని కూర్చోలేదు. 1970ల మొదట్లో కర్మాగారాల నేపథ్యంతో వరసగా సినిమాలు తీశారు. వాటిలో 'మూడో ప్రయత్నం' అనేదానిలో ఒకప్పుడు వెల్డరుగా ఉండి డైరెక్టరు స్థాయికి ఎదిగిన వ్యక్తి పదవి వదిలేసి మళ్ళీ వెల్డింగు పనికి వెళ్ళిపోతాడు. కార్మికుల రాజ్యంలో కార్మికుడిగా తిరిగి వెళ్ళడం ఎంత కష్టమో చూపించే ఆ ఆలోచన అద్భుతం, సినిమా మాత్రం నడుమ నత్తనడక నడుస్తుంది. వాటితో పాటు తేలికపాటి సంగీత హాస్యచిత్రాలూ తీశారు. నేను చూసినంతలో వాటి గురించి ఎక్కువ చెప్పడానికి లేదు.

'సాక్షి'తో సరితూగే సినిమా ఆయనదే ఇంకొకటి ఉందంటే అది 1984 నాటి 'ఓ దిక్కుమాలిన బతుకా'. 1951లో 'వర్గశత్రువులు' అన్న ముద్రతో వేలాదిమందిని బుడాపెస్టు ఇళ్ళనుంచి ఖాళీ చేయించి మారుమూల పల్లెలకు తరలించారు. ఒపెరెట్టా (తేలికపాటి సంగీత నాటకం) నటి లూసీ ఒకప్పుడు ఒక జమీందారును పెళ్ళాడిన పాపానికి ఆ జాబితాలోకి ఎక్కుతుంది. మేళం దుస్తులతో బురదలో దిగిన ఆమె అక్కడ కూడా నటిగానే బతుకుతుంది. దొరొత్త్య ఉద్వరోష్ ఆ పాత్రను మోసిన తీరు చూడవలసిందే. పెలికాన్ నటించలేక చిక్కుల్లో పడితే, లూసీ నటనతోనే నెట్టుకొస్తుంది. ఒకే కాలాన్ని బాచో రెండు వైపుల నుంచీ రాసినట్టు నాకు అనిపిస్తుంది. ఆ దశకంలోనే ఆయన డయలాగ్ అనే స్టూడియోకు అధిపతిగా ఉన్నారు, అంటే ఒకప్పుడు తన స్క్రిప్టు పట్టుకుని నిలబడిన బల్లకు అవతలివైపు కూర్చున్నారు.

1989 తరువాత పరిస్థితి తారుమారైంది. నిషేధించేవాడు లేనప్పుడు చాటుమాటుగా చెప్పే విద్యకు గిరాకీ ఏముంటుంది? 1991 నాటి 'స్టాలిన్ పెళ్ళికూతురు' సోవియట్ పల్లెలో ఒక పిచ్చిదాని కథ. నవ్వు దాదాపు లేదు, బరువైన సినిమా. 1990ల నడుమ పెలికాన్‌ను తిరిగి తీసుకొచ్చి 'మళ్ళీ సాక్షి' తీశారు. కొత్త ప్రజాస్వామ్యపు అవినీతిని అదే మూసలో ఎగతాళి చేయబోయారు కానీ, నాకు అది అతికినట్టు అనిపించలేదు. ఏం మాట్లాడినా చెల్లే కాలంలో పెలికాన్ భయానికి చోటు లేదు, భయం లేని పెలికాన్ మామూలు ముసలాయన. 2001లో యుద్ధకాలపు తార కతలిన్ కరాది జీవితం మీద తీసిన 'ఆరిపోతున్న సిగరెట్టు' పాటల వల్ల చూడబుద్ధేస్తుంది. 2008 దాకా ఆయన పని ఆపలేదు, 2009 మార్చిలో బుడాపెస్టులో మరణించారు.

మీరు చూడాలనుకుంటే నేను సూచించే వరస ఇది: ముందు 'నరకంలో రెండు సగాలు', అది రచయిత బాచోను చూపిస్తుంది, తరువాత 'సాక్షి', ఆపైన 'ఓ దిక్కుమాలిన బతుకా'. ఆ చివరి రెంటికీ నడుమ రాయ్క్ విచారణ గురించి ఒక పది పేజీలు చదివితే ఇంకా మంచిది. 'సాక్షి'కి పాత కాపీలు, కత్తిరింపులు పడినవి, ఇంకా తిరుగుతున్నాయి. హంగేరీ ఫిల్మ్ ఆర్కైవు పునరుద్ధరించిన, సెన్సారు కోతలు లేని ప్రతిని 2019లో కాన్ ఉత్సవపు పాత చిత్రాల విభాగంలో ప్రదర్శించారు. డిస్కు కొన్నా, ఎక్కడైనా ప్రదర్శనకు వెళ్ళినా, అదే ప్రతి అవునో కాదో ముందుగా అడిగి తెలుసుకోండి.